తెల్ల చీటీ, పసుపు చీటీ

బుధవారం పొద్దున పదిన్నర దాటాక హుస్సేన్‌బీ దోహాలో తాను పనిచేసే ఇంటి వంటింట్లో ఉల్లిగడ్డలు తరుగుతుండగా కూతురు జైబా ఫోను చేసింది. డ్యూటీలో ఉండగా ఫోను చేసే పిల్ల కాదు. హుస్సేన్‌బీ కత్తి పక్కన పెట్టి, మోచేత్తో కళ్ళు తుడుచుకుని, స్పీకరు నొక్కింది.

"అమ్మా, నా సర్టిఫికెట్ దోహాకి వచ్చిందంట."

"వస్తే మంచిదే గదా. ఆ గొంతేంది మళ్ళా?"

"వచ్చి వెనక్కి పోతాంది. జేజి రాయచోటినుంచి పాత పోస్టు పెట్టెకి పంపింది. ఆ పెట్టె మూసేసిరి గదా, పంపినోళ్ళకే తిప్పి పంపుతారంట. ఫోన్లో అట్లే చూపిస్తాంది."

హుస్సేన్‌బీ పొయ్యి ఆర్పింది.

"పసుపు చీటీ అంటించమని చెప్తిమి గదా."

"ఒకసారి కాదు, నాలుగుసార్లు చెప్తిమి. చీటీలు కూడా పంపిస్తిమి. తెల్లదే అంటించింది."

జైబా కడపలో నర్సింగ్ చదివింది. దోహాలో ఒక క్లినిక్‌వాళ్ళు ఉద్యోగమిచ్చి పిలిపించుకున్నారు. నర్సింగ్ కౌన్సిల్ రిజిస్ట్రేషన్ పత్రం రెన్యువల్‌కి ఇచ్చి ఉండటంతో అది చేతికి రాకుండానే విమానం ఎక్కాల్సి వచ్చింది. అసలు పత్రం చూపిస్తేనే లైసెన్సు, అంతదాకా చేతికింది పనే. నకలు పనికిరాదు, ఫోన్లో ఫొటో పనికిరాదు. క్లినిక్‌వాళ్ళు ఇచ్చిన గడువు గురువారం, అంటే రేపే. అది దాటితే పిల్ల రాయచోటికి తిరిగిపోవాలి. ఆ కాగితం వెనక్కి వెళ్ళి మళ్ళీ వచ్చేసరికి ఇంకో నెల. అన్నాళ్ళు ఆ కుర్చీని ఎవరూ ఖాళీగా ఉంచరు.

"నువ్వు డ్యూటీ చేసుకో పో. నేను ఈరన్నకి చెప్తా," అంది హుస్సేన్‌బీ.

ఆ వీధిలో పనిచేసే మనిషికి ఉత్తరం సంగతి అనగానే తోచే పేరు అదొక్కటే.

*

ఈరన్నది ఆదోని దగ్గర పల్లె. ఏడో తరగతి దాకా చదివి, పత్తి లారీల మీద క్లీనరుగా చేరి, తర్వాత డ్రైవరయ్యాడు. ఇంగ్లీషు అక్షరాలు బడిలో కంటే లారీల నంబరు పలకల మీదే ఎక్కువ నేర్చుకున్నాడు. అందుకే అతని రాత ఇప్పటికీ పలక మీద రంగుతో రాసినట్టు నిలువుగా, ఒక్కో అక్షరం విడివిడిగా ఉంటుంది. పంతొమ్మిదేళ్ళ కిందట ఒక ఖతరీ కుటుంబానికి ఇంటి డ్రైవరుగా వచ్చాడు. అప్పటినుంచీ ఆ కుటుంబం దగ్గరే. మొన్న అక్టోబరు దాకా వాళ్ళ ఇల్లు హుస్సేన్‌బీ పనిచేసే ఇంటికి మూడు గేట్ల అవతల ఉండేది.

వచ్చిన మొదటి సంవత్సరం భార్య శివకుమారికి ఇంటి గుర్తులు రాసి పంపాడు. ఫలానా మసీదు వెనక, పచ్చ గేటు, పక్కన ఖర్జూర చెట్లు అని. వాళ్ళ ఊళ్ళో అయితే అది చాలు. ఇక్కడ ఉత్తరం గుమ్మానికి రాదనీ, పోస్టాఫీసులో ఇనుప పెట్టెకు వస్తుందనీ, ఆ పెట్టెకు నంబరుంటుందనీ అతనికి ఎవరూ చెప్పలేదు. శివకుమారి ఏడు ఉత్తరాలు వేసింది. ఏడూ వెనక్కి వెళ్ళాయి. ఇక్కడ ఇతను, అక్కడ ఆమె, ఎవరికి వాళ్ళు రెండోవాళ్ళు మరిచిపోయారనుకున్నారు. మొదటి సెలవుకి ఊరెళ్ళినప్పుడు ఆమె ఆ ఏడు కవర్లూ తెచ్చి ముందు పెట్టింది. మంచం మీద కూర్చుని ఏడింటినీ వరసగా చదివాడు. హుస్సేన్‌బీకి ఈ సంగతి ఒకేసారి చెప్పాడు, కారు తుడుస్తూ. చదివాక ఏమనిపించిందని ఆమె అడగబోయింది. అతను తుడిచిన అద్దాన్నే మళ్ళీ తుడవడం చూసి ఊరుకుంది.

సెలవు నుంచి వచ్చాక ఇంటి పెద్దాయనను ఒక మాట అడిగాడు: బుధవారం బుధవారం మీ పెట్టెలోంచి మీ ఉత్తరాలు తెచ్చేది నేనే కదా, నా ఉత్తరాలు కూడా దానికే రప్పించుకోనా అని. పెద్దాయన సరేనన్నాడు. తర్వాత పక్కింటి వంటమనిషి అడిగింది. ఆమె తర్వాత ఒక దర్జీ, ఒక తోటమాలి, బిర్కత్ అల్ అవామిర్ కూలీల క్యాంపునుంచి ఇద్దరు. ఈరన్న ప్రతి ఒక్కరి సంగతీ పెద్దాయనకు చెప్పే చేర్చుకున్నాడు. కొన్నేళ్ళకు ముసలాయన నవ్వేవాడు. పెట్టె నీది, అద్దెకున్నది నేను అని.

ఊళ్ళో వాళ్ళలో చాలామందికి ఇంగ్లీషు రాయడం రాదు. దానికి ఈరన్న ఒక పద్ధతి కనిపెట్టాడు. తెల్లకాగితం మీద తన పేరు, పెట్టె నంబరు, దోహా, ఖతర్ అని స్వయంగా రాసి, నకళ్ళు తీయించి, కత్తెరతో చీటీలుగా కత్తిరించి ఇంటింటికీ పంపేవాడు. వాళ్ళు చేయాల్సిందల్లా ఒక చీటీ కవరు మీద అంటించడం, ఉత్తరం ఎవరికో కవరు వెనక తెలుగులో రాయడం. బుధవారం పెట్టె తెరిచి, కారు బానెట్ మీద కవర్లు తిరగేసి పేర్లు చూసేవాడు. మామూలు ఉత్తరమైతే ఒక మిస్డ్ కాల్, రిజిస్టరు అయితే రెండు. హుస్సేన్‌బీ ఈ పన్నెండేళ్ళలో ఆ మోతకు ఎన్నిసార్లు చేతిలో గరిటె వదిలేసిందో. తండ్రి ఫొటో అట్లాగే వచ్చింది. జైబా పదో తరగతి మార్కుల కాగితం నకలు అట్లాగే వచ్చింది. హుస్సేన్‌బీ తల్లి మస్తానమ్మ వీడియో కాల్‌ను నమ్మని మనిషి. ఏడాదికి రెండు ఉత్తరాలు, పక్కింటి పిల్లచేత రాయించి, ఈనాటికీ వేస్తుంది.

రెండేళ్ళ కిందట పెద్దాయన పోయాడు. ఇల్లు కొడుకు నాసర్ చేతికొచ్చింది. మంచివాడే, కానీ కాగితం ముట్టుకోని తరం. మొన్న అక్టోబరులో కుటుంబమంతా ఉత్తరాన అల్ ఖీసాలో కట్టుకున్న కొత్త విల్లాకు మారింది. అడ్రసు మార్పు అంతా నాసర్ సోఫాలో కూర్చుని ఫోన్లో ఐదు నిముషాల్లో ముగించాడు. కొత్త ఇంటి గోడ మీది నీలం అడ్రసు పలకలో ఉన్న నంబర్లు కొట్టాడు, అయిపోయింది. ఇక పెట్టె దేనికి, ఏడాది చివర వదిలేద్దాం, అప్పుడు తాళంచెవి ఇచ్చేయి అన్నాడు.

"ఫోన్లో మారిందమ్మా," అన్నాడు ఈరన్న ఆ రోజు హుస్సేన్‌బీతో. "రాయచోటిలో యట్ల మారుతాది? గుంతకల్లులో యట్ల మారుతాది? అందరి బీరువాల్లో నా చీటీలు ఉండాయి."

పెట్టె వదిలేస్తారని అక్టోబరులోనే తెలిసింది. అప్పటినుంచి డిసెంబరు ఆఖరు వరకూ ఈరన్నకు వేరే ధ్యాస లేదు. కొత్త ఇంటికి దగ్గరున్న బ్రాంచిలో తన పేరు మీదే ఒక పెట్టె తీసుకున్నాడు. ఆ రసీదు హుస్సేన్‌బీకి చూపించాడు. ఖతర్‌లో అతని గుర్తింపు కార్డు మీద కూడా యజమాని పేరుంటుంది. ఆ రసీదు మీద మాత్రం ఈరన్న అని ఒక్క పేరే ఉంది. "బాగుండాది గదా," అని మడిచి జేబులో పెట్టుకున్నాడు.

కొత్త చీటీలు పసుపు కాగితం మీద తీయించాడు, చదువురాని వాళ్ళకు కూడా తేడా తెలియాలని. సెలవుకి కదిరి వెళ్తున్న వెంకటప్ప సంచిలో చుట్టుపక్కల ఊళ్ళవన్నీ కట్టలు కట్టి పంపాడు. అతని దగ్గర ఒక నోటుబుక్కు ఉంది, ఎవరింటికి ఎన్ని చీటీలు వెళ్ళాయో, ఎన్ని ఉత్తరాలు వచ్చాయో అందులో మొదటినుంచీ లెక్క ఉంది. రెండింటి తేడా ఎంతో అన్ని తెల్ల చీటీలు ఆ ఇంట్లో ఉన్నట్టు. ముప్పై ఎనిమిది ఇళ్ళు. ఒక్కో ఇంటికీ ఫోను చేసి, తెల్లవన్నీ వీడియోలో తన కళ్ళముందే చింపించాడు. గుంతకల్లులో ఒక తాత చింపడమేంది, పొయ్యిలో వేసినా చూసుకో అని బూడిద చూపించాడు. ఈరన్న నోటుబుక్కులో 'బూడిద చూసినాను' అని రాశాడు.

మస్తానమ్మ మాత్రం వీడియోకి రానంది. "చింపినా నాయనా," అని ఫోన్లో చెప్పింది. ఈరన్న రాసుకున్నాడు: 'రాయచోటి. చింపినారు. మాట మీద.'

డిసెంబరు ముప్పై ఒకటిన తాళంచెవిని నూనెగుడ్డతో తుడిచి నాసర్ చేతిలో పెట్టాడు.

*

ఫోనులో హుస్సేన్‌బీ చెప్పిందంతా ఈరన్న మధ్యలో ఆపకుండా విన్నాడు. తల్లిని తిట్టడం మొదలుపెట్టాక ఆపాడు.

"అవ్వ సంగతి ఇడుచు. రిజిస్టరు నంబరు చెప్పు."

చెప్పింది.

"అరగంటలో వస్తా. మీ ఇంటి అమ్మగారిని అడిగి బయట నిలబడు. నాసర్ బాబా పిల్లోల్ల స్కూలు పన్నెండున్నరకి ఇడుస్తారు, అంతలో చూసొద్దాం పా."

యజమానురాలు పడకగదిలోంచే విని "రూహీ, రూహీ" అని చేయి ఊపింది, వెళ్ళు వెళ్ళు అని. హుస్సేన్‌బీ అబాయా వేసుకుని గేటు దగ్గర నిలబడింది. ఈరన్న చెప్పిన సమయానికి వచ్చాడు. చొక్కా గుండీలు మెడదాకా పెట్టుకుని ఉన్నాడు, జేబులో ఎప్పటిలాగే పెన్ను. ఆమె వెనక సీట్లో కూర్చుంది. ఎన్నేళ్ళ పరిచయమైనా అతని కారులో ఆమె చోటు వెనక సీటే.

"నాసర్ బాబాకి చెప్పినావా అన్నా, నన్ను ఎక్కించుకున్నట్టు?"

"చెప్పినా. చెప్పకుండా ఈ బండిలో ఈగ కూడా ఎక్కదు."

"మా అమ్మని ఏం చేయాల్నో నాకైతే తెలీడంల్యా."

"పోస్టాఫీసు అయినంక చేద్దువులే."

పాత బ్రాంచి ముందు హాలులో ఇనుప పెట్టెల వరసలు అట్లాగే ఉన్నాయి, తేనెపట్టులో గదుల్లాగా. లోపలికి పోతూ ఈరన్న చూపు ఎడమ వైపు, పాత పెట్టె ఉన్న మూడో వరసకు ఒకసారి వెళ్ళి వచ్చింది. హుస్సేన్‌బీ గమనించింది.

కౌంటరులో ఉన్నది ఇద్రీస్ అనే సుడానీ ముసలాయన. ఈరన్నను చూడగానే రెండు చేతులూ చాచాడు. ఇద్దరూ అరబ్బీ, హిందీ కలిసిన ఒక భాషలో మాట్లాడుకున్నారు. హుస్సేన్‌బీకి సగం అర్థమైంది, మిగతా సగం ముఖాలు చూసి తెలుసుకుంది. ఉత్తరం ఇక్కడే ఉంది. మూసేసిన పెట్టెకు వచ్చిన రిజిస్టరు ఉత్తరాలు వెనక్కి పంపాలన్నది నియమం. పొద్దున్నే సంచిలో వేసి, సంచికి ముద్ర వేసేశారు. ముద్ర వేసిన సంచి విప్పాలంటే మేనేజరు ఉండాలి. మేనేజరు మీటింగుకి వెళ్ళారు, మధ్యాహ్నం దుహర్ నమాజు తర్వాత వస్తారు, ఒంటిగంటకు. వ్యాను కూడా ఒంటిగంటకే వచ్చి సంచులు తీసుకుపోతుంది.

"ఎవరు ముందొస్తారు?" అడిగాడు ఈరన్న.

ఇద్రీస్ అరచేతులు పైకి తిప్పి చూపించాడు.

గోడ గడియారం పదకొండూ యాభై చూపిస్తోంది. హుస్సేన్‌బీ లెక్క వేసుకుంది. ఇక్కడినుంచి స్కూలుకి పావుగంటపైనే.

"నువ్వు పో అన్నా. నేను ఈడే కూర్చుంటా. మేనేజరొస్తే కాళ్ళు పట్టుకోనైనా తీసుకుంటా."

"కవరు మీద ఉండేది నా పేరు. నీ కార్డు చూపిస్తే ఇయ్యరు."

అది నిజం. కవరుకి ముందు వైపు హుస్సేన్‌బీ పేరు గానీ జైబా పేరు గానీ ఉండదు. వాళ్ళ పేర్లు వెనక, తెలుగులో, ఇక్కడ ఎవరూ చదవలేని చోట ఉంటాయి.

ఈరన్న బయటికి వెళ్ళాడు. అద్దం తలుపులోంచి ఆమెకు కనిపిస్తున్నాడు. జనవరి ఎండ మెత్తగా ఉంది. ఫోను తీసి, నాసర్‌కి వెంటనే చేయకుండా, దాన్ని చేతిలో పట్టుకుని కాసేపు నిలబడ్డాడు. కాలరు సరిచేసుకున్నాడు, ఎదుటి మనిషి చూస్తున్నట్టు. అతను జ్వరంతో ఉన్నప్పుడు కూడా స్కూలుకి వెళ్ళాడని, తండ్రి పోయిన కబురు వచ్చిన రోజు కూడా పిల్లల్ని దించాకే కూర్చున్నాడని ఆ వీధిలో అందరికీ తెలుసు. ఇతర డ్రైవర్లు అతన్ని 'గడియారం' అని వెక్కిరించేవాళ్ళు.

మాట్లాడటం అర నిముషం కంటే పట్టలేదు. వచ్చి ఆమెకు ఒక కుర్చీ వదిలి పక్క కుర్చీలో కూర్చున్నాడు.

"ఏమన్నాడన్నా?"

"ఏమన్లే."

"కోపమొచ్చిందా?"

"తెలీదు. 'నువ్వా?' అన్నాడు. ఫోను పెట్టేసినాడు."

"నువ్వేం చెప్పినావు?"

"ఈరోజు స్కూలుకి రాలేను బాబా, ఒకరి కాగితం వెనక్కి పోతాంది అని చెప్పినా."

హుస్సేన్‌బీ బ్యాగులోంచి నీళ్ళ సీసా తీసి ఇచ్చింది. అతను వద్దన్నాడు. కాసేపటికి అడగకుండానే తీసుకుని తాగాడు.

పన్నెండూ ముప్పై ఐదుకి అతని ఫోను మోగింది. ఈరన్న లేచి నిలబడి ఎత్తాడు. స్పీకరు అవసరం లేకుండానే నాసర్ గొంతు, దాని వెనక హారన్ల మోత ఆమెకు వినిపించాయి.

"పిల్లలు ఏ గేటు దగ్గర బయటికొస్తారు?"

"మూడో గేటు బాబా. మొదటి గేటు దగ్గరికి పోవద్దు, అక్కడ బస్సులుంటాయి."

"ఇక్కడ నాలుగు వందల కార్లున్నాయి."

"ఉంటాయి బాబా. కుడిపక్క ఫార్మసీ సందులోకి తిప్పండి. చిన్నపాప పది నిముషాలు ఆలస్యంగా వస్తుంది. నీళ్ళ సీసా క్లాసులో మరిచిపోయి వస్తుంది, వెనక్కి పంపండి."

హారన్ల మధ్యనుంచి నాసర్, "రోజూ ఇట్లాగేనా?" అన్నాడు.

"రోజూ ఇట్లాగే బాబా."

ఫోను పెట్టాక ఈరన్న ముఖంలో ఏమీ మారలేదు గానీ, కుర్చీలో వెనక్కి ఆనుకుని కూర్చున్నాడు. వచ్చినప్పటినుంచీ కుర్చీ అంచునే కూర్చున్నాడని హుస్సేన్‌బీకి అప్పుడు తెలిసింది.

*

వ్యాను ముందొచ్చింది, ఒంటిగంటకు ఐదు నిముషాలుండగా. డ్రైవరు తోపుడు బండితో లోపలికి వచ్చి సంచులు ఎక్కించడం మొదలుపెట్టాడు. హుస్సేన్‌బీ లేచి కౌంటరు దగ్గరికి పరుగెత్తింది. ఈరన్న ఆమె పక్కనుంచి వెళ్ళి ఆ డ్రైవరు ముందు నిలబడ్డాడు. అతను నేపాలీ. ఈరన్న అతని చేయి పట్టుకోలేదు, బండికి అడ్డం రాలేదు.

"భాయ్, నువ్వూ డ్రైవరే, నేనూ డ్రైవరే. నీ టైము నాకు తెలుసు. ఇక్కడినుంచి నెక్స్ట్ బ్రాంచికి ఎంతసేపు?"

"ఇరవై నిముషాలు."

"పాత సిగ్నలు మీదుగా పోతే. సర్వీసు రోడ్డెక్కి పెట్రోలు బంకు వెనకనుంచి పో, పన్నెండు. ఆ ఎనిమిది నిముషాలు నాకియ్యి."

నేపాలీ అతను ఇద్రీస్‌కేసి చూశాడు. ఇద్రీస్ అప్పటికే చిన్న గ్లాసులో చాయ్ పోస్తున్నాడు.

మేనేజరు వచ్చింది. నలభై ఏళ్ళ ఖతరీ ఆవిడ, భుజాన ల్యాప్‌టాప్ సంచి. ఇద్రీస్ ఆవిడ వెంట నడుస్తూనే అంతా చెప్పాడు. ఆవిడ ఈరన్న కార్డు తీసుకుని చూసింది, సంచి విప్పమంది. ఇద్రీస్ కత్తెరతో ప్లాస్టిక్ పట్టీ కత్తిరించి కవర్లు బల్ల మీద పరిచాడు. పదిహేను దాకా ఉన్నాయి. హుస్సేన్‌బీ ఒక్కో కవరునూ వెతుకుతుండగా ఈరన్న దూరంనుంచే వేలు చూపించాడు. నంబరు పలక లాంటి నిలువు అక్షరాలు. అంచులు కొంచెం మాసిన తెల్ల చీటీ.

మేనేజరు కవరు తిప్పింది. వెనక పక్కింటి పిల్ల గుండ్రటి రాతలో తెలుగు ఉంది.

"ఇది ఏమిటి?" అని అరబ్బీలో అడిగింది.

"ఎవరి ఉత్తరమో వాళ్ళ పేరు," అన్నాడు ఈరన్న.

"ఉత్తరం నీది కాదా?"

హుస్సేన్‌బీ ఈరన్నకేసి చూసింది. అవునని ఒక్క మాట అంటే సరిపోతుంది. కవరు మీద ఉన్నది అతని పేరే కదా. ఈరన్న తడుముకోలేదు.

"పేరు నాది మేడమ్. ఉత్తరం వీళ్ళది."

ఆవిడ అతన్ని చూసింది, హుస్సేన్‌బీని చూసింది. ఇద్రీస్ పక్కనుంచి ఒక మాట అన్నాడు. తర్వాత ఈరన్న దాన్ని తెలుగులో చెప్పలేదు. కానీ అందులో 'తిస్సాతాష్' అన్న మాట హుస్సేన్‌బీకి అర్థమైంది. పంతొమ్మిది. మేనేజరు రిజిస్టరు పుస్తకం ఈరన్న వైపు తిప్పి సంతకం పెట్టాల్సిన చోటు చూపించింది.

అతను తన పేరును అక్షరం తర్వాత అక్షరంగా రాశాడు. కవరు తీసుకుని, వెనక పేరు ఒకసారి చదివి, పద్ధతి తప్పకుండా రెండు చేతులతో హుస్సేన్‌బీకి ఇచ్చాడు. తర్వాత జేబులోంచి ఫోను తీసి ఆమె నంబరుకి రెండుసార్లు మిస్డ్ కాల్ ఇచ్చాడు. ఎదురుగా ఉండగానే.

"ఇదేందన్నా," అంది హుస్సేన్‌బీ. బ్యాగులో మోగుతున్న ఫోను వైపు చూసి నవ్వింది.

"రిజిస్టరు గదా," అన్నాడు.

*

జైబాకి చెప్పాక, అక్కడే హాలులో నిలబడి హుస్సేన్‌బీ రాయచోటికి ఫోను కలిపింది. పొద్దుటినుంచీ దాచుకున్న మాటలన్నీ తన్నుకొస్తున్నాయి.

"అమ్మా, తెల్ల చీటీ ఎందుకంటించినావు? ఎన్నిసార్లు చెప్పినా నీకు?"

"చేరిందా లేదా?" అంది మస్తానమ్మ.

"చేరింది. యట్ల చేరిందో నీకేం తెల్సు, ఇక్కడ మా పానాలు..."

"చేరింది గదా. నాకు తెల్సు చేరుతాదని. పన్నెండేండ్లుగా ఆ తెల్ల చీటీ ఒక్కసారన్నా తప్పిందా? ఇంత ముఖ్యమైన కాగితం, పిల్ల బతుకు దాంట్లో ఉండె. దానికి పోయి కొత్త చీటీ అంటిస్తానా? పసుపుది మొన్న ఒగటి పెండ్లి పత్రికకి అంటించినా, పోతే పోనీలే అని."

హుస్సేన్‌బీ ఫోనును చెవికి దూరంగా పట్టుకుని ఈరన్నకేసి చూసింది. అతను చేయి చాపాడు. ఇచ్చింది.

"అవ్వా, నేను ఈరన్నని. నాతో చింపినా అంటివే."

"నాయనా, నువ్వా." మస్తానమ్మ గొంతు తగ్గింది. "చింపుదామనే తీసినా. నీ చేత్తో రాసినవి. ఇంట్లోకి ఎన్ని మంచి కబుర్లు తెచ్చినాయి. చింపబుద్ధి కాలేదు."

"ఎన్నుండాయి ఇంకా?"

"పదకొండు."

"సరే. ఉండనీ."

"కోపం చేసుకోవద్దు."

"కోపమేం లేదవ్వా. పెండ్లి పత్రిక కూడా చేరింది. హుస్సేనమ్మకి పోయిన బుధవారం ఇచ్చినా."

"చేరిందా," అంది మస్తానమ్మ, పెద్ద నమ్మకం లేకుండా. "అయినా మంచి కాగితాలకి తెల్లదే అంటిస్తా."

ఈరన్న ఫోను తిరిగి ఇచ్చేశాడు. జేబులోంచి నోటుబుక్కు తీసి, పెట్టెల వరస మీద ఆనించి, రాయచోటి ఉన్న పేజీ వెతికాడు. 'చింపినారు, మాట మీద' అన్నదాన్ని ఒక గీతతో కొట్టేసి పక్కన పదకొండు అని వేశాడు. కొంచెంసేపు ఆ అంకెను చూశాడు. ఏడాదికి రెండు ఉత్తరాలు వేసే మనిషి దగ్గర పదకొండు చీటీలంటే ఐదారేళ్ళు. హుస్సేన్‌బీ మనసులో ఆ లెక్క తెగేసరికి అతను మళ్ళీ కౌంటరు దగ్గరున్నాడు.

ఇద్రీస్ వెనక గోడకు ఉత్తరాలు వేరుచేసే చెక్క గూళ్ళున్నాయి, ఒక్కో గూడు మీద పెట్టె నంబరు. ఈరన్న నోటుబుక్కు మడతలోంచి ఒక పసుపు చీటీ తీసి అతనికిచ్చాడు, పాత నంబరున్న గూడును చూపించాడు. ఆ పెట్టె ఇంకొకరికి ఇచ్చేదాకా అందులో పడే కవరు కొత్త పెట్టెకు పంపితే చాలు, ఇచ్చాక కూడా తన పేరు చూసి పంపితే మరీ మేలు. పక్కనే ఉన్న మేనేజరుకు కూడా అదే చెప్పాడు. ఆవిడ ఒక ఫారం తీసి ఇచ్చి, అది నింపి ఇవ్వు, అప్పుడు అంటించు అంది. అతను నిలబడే నింపాడు. నిలువు అక్షరాలు, ఒక్కటి కూడా గడి దాటలేదు.

ఇద్రీస్ చీటీని గూడు లోపల అంటించాడు. ఎన్ని వస్తాయి అని అడిగాడు. ఈరన్న రెండు చేతులు ఎత్తి పది వేళ్ళు చూపించి, మళ్ళీ ఒక వేలు చూపించాడు.

"తర్వాత?"

"తర్వాత ఆ ముసలమ్మ పసుపుది అంటిస్తుంది."

హుస్సేన్‌బీకి తల్లి సంగతి తెలుసు.

చీటీకి ఒక మూల సరిగా అంటుకోలేదు. ఈరన్న కౌంటరు మీదుగా చేయి చాచాడు, అందలేదు. ఇద్రీస్‌కు చూపించాడు. ఇద్రీస్ బొటనవేలితో ఆ మూల నొక్కి, గట్టిగా అంటుకునేదాకా అట్లాగే పట్టుకున్నాడు.

"పా హుస్సేనమ్మా," అన్నాడు ఈరన్న. "రెండున్నర దాకా క్లినిక్కు ఆఫీసు తెరిచే ఉంటాది. రేపటిదాకా ఎందుకు."